బావి ఎండింది ఎవరి అనుమానంతో

గుంతకల్లు స్టేషన్లో ప్లాట్‌ఫారం చివర, నీళ్ళ కొళాయి పక్కన, పాత పుస్తకాల బండి ఒకటి ఉండేది. హంపి చూడబోయే తెల్లవాళ్ళు రైలు మారడానికి అక్కడ దిగేవారు. చదివేసిన పుస్తకాలను మోయలేక బండాయనకు ఇచ్చేసి పోయేవారు. నేను అప్పట్లో అనంతపురంలో ఒక దినపత్రికకు విలేకరిని. రైల్వే వార్తల కోసం గుంతకల్లు పోయినప్పుడల్లా ఆ బండి దగ్గర కాసేపు నిలబడేవాణ్ణి. బండాయనకు ఇంగ్లీషు రాదు. అట్ట మీది బొమ్మను బట్టి పుస్తకాలు సర్దేవాడు. తుపాకి ఉంటే ఒక వరస, ఆడమనిషి ఉంటే ఒక వరస, గడ్డం ఉన్న మనిషి ఉంటే ఒక వరస.

"గడ్డపోళ్ళు వచ్చినార్నా, చూడు," అనేవాడు నన్ను చూడగానే.

నాకు కావలసినవి ఆ గడ్డం వరసలోనే ఉండేవి. ఎవరో ఒక గురువును నమ్మి, ఇల్లు వదిలి, కొన్నేళ్ళు ఆయన నీడన బతికి, తర్వాత బయటపడినవాళ్ళు రాసుకున్న పుస్తకాలు. ఎనభైల మొదట్లో అలాంటివి చాలా వచ్చేవి. దేశాలు వేరు, దేవుళ్ళు వేరు, పుస్తకం నడక మాత్రం ఒకటే. మొదట ఒక దుఃఖం. తర్వాత గురువు కళ్ళు. మధ్యలో పని, ఆకలి, నిద్రలేమి, ఒకరి మీద ఒకరు చాడీలు. చివర గేటు. కొందరు గోడ దూకేవారు. కొందరిని అన్నో తండ్రో వచ్చి కారులో తీసుకుపోయేవారు. గేటు దాటినాక ఒక్క పేజీ. ఇప్పుడు హాయిగా ఉంది, ఆకాశం నీలంగా ఉంది అని రాసి ముగించేవారు.

ఆ పేజీ తర్వాత ఏముంటుందో తెలుసుకుందామనే నేను ఆ పుస్తకాలు కొన్నాను. ఎందుకంటే మా అక్క అప్పటికే గేటు దాటి వచ్చి మా ఇంట్లో ఉంది. వచ్చిందే గాని, ఉంటుందో మళ్ళీ వెనక్కి పోతుందో మాకెవరికీ తెలియదు. మా అమ్మ ప్రతి పొద్దూ లేవగానే ముందు అక్క పడుకున్న చాప వైపు చూసేది.

మాది ధర్మవరం. స్టేషన్ వెనక వీధిలో ఇల్లు. లోపలికి అడుగు పెడితే ముందు కనిపించేది మగ్గం. మగ్గానికి పోను మిగిలిన చోట్లో మేం సర్దుకునేవాళ్ళం. మా నాయన పట్టుచీరలు నేసేవాడు. చీర ఒళ్ళూ అంచూ ఒకే రంగైతే ఒక మనిషి నేసుకోవచ్చు. ఒళ్ళు ఒక రంగు, పెద్ద అంచు ఇంకో రంగు అయితే ఇద్దరు కావాలి. ఒకరు మగ్గం గుంటలో కూర్చుని నేస్తుంటే, రెండో మనిషి అవతలి అంచు పక్కన కూర్చుని ఆ రంగు దారం ఉన్న నాడెను అందుకొని తిరిగి పంపాలి. రెండు జతల చేతులూ ఒక మనిషివే అన్నట్టు నడవాలి. అక్క చిన్నప్పటి నుంచీ ఆ రెండో చోట్లో కూర్చునేది. నాకు ఆ పని పట్టుబడలేదు. అందుకే నన్ను బడికి పంపారు. నాయన ఆ సంగతి దాచుకోకుండా చెప్పేవాడు.

"వీని చేతికి నాడె ఇస్తే దారం తెంపినాడు. పెన్నిచ్చినాం, ఏం తెంపుతాడో చూడల్ల."

డెబ్బైల మధ్యలో అమ్మకు విడవని తలనొప్పి పట్టుకుంది. కళ్యాణదుర్గం అవతల ఒక రాతిగుట్ట మీద ఆశ్రమం ఉందనీ, అక్కడి స్వామి విభూతి పెడితే తగ్గుతుందనీ వీధిలో ఎవరో చెప్పారు. ఆ స్వామిని అందరూ పెద్దాయన అనేవారు. నేనూ అట్లాగే అంటాను. అమ్మ అక్కను తోడు పెట్టుకుని పోయింది. భజన అయింది, విభూతి అయింది. బస్సుకు టైమవుతుందని అమ్మ లేచింది. అక్క లేవలేదు.

"నువ్వు పోమ్మా. నేనుంటా."

"ఎప్పుడొస్తావే?"

"నువ్వైతే పో."

ఒక రాత్రి భజనకు ఉంటానంటోంది కాబోలు అనుకుంది అమ్మ. గుట్ట మీద చెప్పులు వేసుకోకూడదు, కింద చింతచెట్టు దగ్గరే విడవాలి. అమ్మ కిందికి దిగి తన చెప్పులు తొడుక్కుని, పక్కనున్న అక్క చెప్పుల వైపు చూసి, ఏమనుకుందో ఏమో, వాటిని కూడా చేతబట్టుకుని బస్సెక్కింది. తలనొప్పి నిజంగానే తగ్గింది. అదే అమ్మ మరిచిపోలేకపోయింది. "నా నొప్పి తీసుకొని నా బిడ్డను పెట్టుకున్నాడు," అనేది.

ఆ ఆశ్రమంలో చేరినవాళ్ళు ఊరు, పేరు, వరసలు అన్నీ కిందనే వదిలేయాలి. పెద్దాయన కొత్త మనిషి చేతికి ఒక పనిముట్టు ఇచ్చేవాడు. ఆ మనిషి పనీ అదే, పేరూ అదే. అక్కకు బావిలో నీళ్ళు తోడే చేద ఇచ్చాడు. అప్పటి నుంచి ఆమె చేద. ధాన్యం చెరిగే ముసలామె చేట. ఒక రిటైరైన హెడ్మాస్టరు చీపురు.

ఆ సంగతి వినగానే నాయన, "హెడ్మాస్టరును చీపురా అని పిలుస్తారా? ఆ ఒక్క మాట వినేదానికైనా నేను పోయి చేరుతా," అన్నాడు. వీధి వీధంతా నవ్వింది. ఆ తర్వాత ఎవరో పెద్దంచు చీరకు బేరం తెస్తే నాయన ఒప్పుకోలేదు. ఎదురు కూర్చునేదానికి మనుషులు దొరకరా అని అడిగారు. దొరుకుతారు, నాకొద్దు అన్నాడు. అక్క గుట్ట మీద ఉన్నన్నాళ్ళూ ఒంటి రంగు చీరలే నేశాడు.

పున్నమికి బయటివాళ్ళను పైకి రానిచ్చేవారు. నేను చాలాసార్లు పోయాను. ఉన్నమాట చెప్పాలంటే అక్క అక్కడ బాగుంది. మా ఇంట్లో ఎప్పుడూ లేనంత బాగుంది. తెల్లారుజామున అందరూ బండ మీద వరసగా కూర్చుని పాడేవారు. గుట్ట మీది నుంచి చూస్తే చుట్టూ ఎర్రనేల, చెనక్కాయ చేలు, ఎక్కడో దూరంగా ఒక వాన తెర దిగి మన దాకా రాకుండానే తేలిపోయేది. పాట ఆ నేల మీదుగా పోతూ ఉండేది. అక్కకు మంచి గొంతు ఉందని నాకు అక్కడే తెలిసింది. ఇంట్లో మగ్గం చప్పుడులో ఎప్పుడూ వినపడలేదు. నన్ను చూస్తే నవ్వేది. తమ్ముడా అని పిలవకూడదు కాబట్టి ఏమీ పిలవకుండా ఒక చెంబు నీళ్ళు తెచ్చి ముందు పెట్టేది. "తాగు. ఈ నీళ్ళు యాడా దొరకవు," అనేది. రాతి బావి నీళ్ళు. నిజంగానే తియ్యగా ఉండేవి.

ఎనభైల మొదట్లో వరసగా వానలు తప్పాయి. గుట్ట మీది బావిలో నీళ్ళు అడుగంటడం ముందు తెలిసింది అక్కకే. చేద మునగడం లేదు. తాడుకు ఇంకో ముక్క ముడేసింది, దానికి మరో ముక్క వేసింది. పెద్దాయనకు చెప్పింది. ఆ సాయంత్రం ఆయన కళ్ళు మూసుకుని కూర్చుని, "ఇక్కడెవరిదో అనుమానం ఈ నీళ్ళు తాగుతా ఉంది," అన్నాడు. రోజూ భజన తర్వాత ఒక్కొక్కరూ లేచి, ఆ అనుమానం నాదో కాదో చెప్పాలన్నాడు. అందరూ లేచి కాదన్నారు. అక్కా కాదంది. కొన్నాళ్ళు అట్లా జరిగాక చేట లేచింది. అమాయకురాలు. మనసులో ఉన్నది అడిగేసింది.

"సామీ, వాన పడి రెండేండ్లాయ. వాన పడకుంటే బాయి ఎండదా?"

పెద్దాయన కళ్ళు తెరిచి, "దొరికింది," అన్నాడు.

మర్నాడు ముసలామెను పంపేశారు. చేట వెనక్కి ఇచ్చేసి ఆమె ఒక్కతే గుట్ట దిగుతోంది. అక్క బావి దగ్గర చేద పెట్టి, ఆమెను బస్సు ఎక్కించి వస్తానని వెంట పోయింది. ముసలామె బస్సెక్కి ఏడుస్తూ అక్క చెయ్యి వదల్లేదు. బస్సు కదిలిపోయింది. ఆమె ఊరు ధర్మవరం దారిలో ఉంది. ఇంటి దాకా దిగబెట్టి, ఆ రాత్రి అక్కడే ఉండి, పొద్దున మొదటి బస్సుకు అక్క వెనక్కి పోయింది. గేటు వేసి ఉంది. లోపలి నుంచి చీపురు అనే హెడ్మాస్టరు, "ఎవరితో పోయినావో వాళ్ళతోనే ఉండమన్నారు," అన్నాడట. సాయంత్రం దాకా గేటు ముందు బండ మీదే కూర్చుని, తర్వాత ఇంటికి వచ్చింది.

ఇదంతా ఆమె ఒకసారి చెప్పింది కాదు. నెలల తరబడి, కూరగాయలు తరుగుతూ, తల దువ్వుకుంటూ, ముక్కలు ముక్కలుగా చెప్పింది. వచ్చిన రోజు మాత్రం గడపలో నిలబడి, "బస్సు ఎక్కించేదానికి దిగినా," అంది. అంతే. అమ్మ ఆమెను పట్టుకుని ఏడ్చింది. నాయన గుంటలోంచి లేవకుండా, "కాళ్ళు కడుక్కో పో," అన్నాడు.

తర్వాత, మొత్తం సంగతి తెలిసినాక, నాయన ఒక్క ముక్క అన్నాడు. "అనంతపురం జిల్లాలో బాయి ఎండేదానికి అనుమానం కావల్నంటనా? మన జిల్లాలో ఎంతమంది అనుమానంగాళ్ళు ఉండాల్నో!"

నేను నవ్వాను. అక్క నవ్వలేదు.

ఆమె ఇంట్లో ఉంది, ఆమె పొద్దులు మాత్రం గుట్ట మీదే నడిచేవి. తెల్లారకముందే లేచేది. వీధి కొళాయి నుంచి బిందెలన్నీ నింపి పెట్టేది. ఆ తర్వాత చేయడానికి ఏమీ లేక వాకిట్లో నిలబడేది. అది పాట వేళ. పాడేదానికి ఎవరూ లేరు. అమ్మ పిలిచే పేరుకు వెంటనే పలికేది కాదు. పేరు ఎవరిదో అన్నట్టు ఒక క్షణం ఆగి తిరిగేది.

కొన్ని వారాలకు ఎవరూ చెప్పకుండానే వచ్చి మగ్గం అవతల కూర్చుంది. నాయన ఆ సాయంత్రమే పోయి పెద్దంచు చీరకు పట్టు తెచ్చాడు. ఆకుపచ్చ ఒళ్ళు, మిరపపండు రంగు అంచు. చేతులు ఏదీ మరిచిపోలేదు. ఇంట్లో ఆ రెండు నాడెల చప్పుడు మళ్ళీ వినపడింది. అమ్మ వంటింట్లో గిన్నె పట్టుకుని అట్లాగే నిలబడి విన్నది.

అయితే ఒక చిక్కు వచ్చింది. అప్పట్లో రైలు వెనక స్టేషన్లో బయలుదేరితే మా స్టేషన్లో వేలాడదీసిన రైలు పట్టా ముక్కను సుత్తితో కొట్టేవారు. ఆ చప్పుడు మా వీధంతా వినపడుతుంది, మాకు లెక్కే ఉండదు. గుట్ట మీద కూడా గంటకు బదులు అలాంటి పట్టా ముక్కే ఉండేది. గుంతకల్లులో రైల్వే పని చేసి రిటైరైన ఒక భక్తుడు తెచ్చి ఇచ్చాడు. అది మోగితే ఎవరు ఏ పని చేస్తున్నా ఆపి, కళ్ళు మూసుకుని నిలబడాలి. ఇక్కడ స్టేషన్లో పట్టా మోగగానే అక్క చేతులు ఆగిపోయేవి. నాడె దారిలో ఉండగానే ఆగిపోయేవి. నేతలో అట్లా సగంలో ఆగితే ఆ చోట పోగును దగ్గరికి కొట్టే పలక దెబ్బ సమంగా పడదు. బట్ట మీద అడ్డంగా సన్నటి గీత తేలుతుంది. వెలుతురుకు పట్టుకుంటే కనపడుతుంది. ధర్మవరం మీదుగా రైళ్ళు తక్కువ కాదు.

నాయన తిట్టలేదు. "ఆగేదుంటే ఆగు గానీ, దెబ్బ పడినాక ఆగు మే," అన్నాడు ఒకసారి. ఆమె సరే అంది. చేతులు వినలేదు. తర్వాత నాయనే నేర్చుకున్నాడు. పట్టా మోగగానే తనూ ఆపేసేవాడు. ఇద్దరూ మగ్గానికి ఆ పక్కా ఈ పక్కా కాసేపు కదలకుండా కూర్చునేవారు. ఆమె కళ్ళు మూసుకుని, ఆయన తెరుచుకుని ఆమెను చూస్తూ.

మొదటి చీరను షావుకారు వెలుతురుకు పట్టి చూశాడు. "ఏమన్నా ఇది, నీ చేతి చీరలో గీతలా?"

"ఉండాయి."

"ఎట్లొచ్చినాయి?"

"వచ్చినాయి. కావల్లంటే తీసుకో, లేకుంటే ఈడ పెట్టు."

ఆయన పెట్టేశాడు. ఆ చీర అమ్మ కట్టుకుంది. ప్రతి పెళ్ళికీ అదే కట్టుకుని పోయేది.

ఆ రోజుల్లోనే నేను గడ్డం వరస పుస్తకాలు ఒకటొకటిగా ఇంటికి తెచ్చేవాణ్ణి. సెలవు రోజున అక్క నాడెలో పెట్టే ఊడలకు దారం చుడుతుంటే పక్కన కూర్చుని, చదివినదాన్ని తెలుగులో చెప్పేవాణ్ణి. ఎక్కడో చలిదేశంలో ఒకామె, పిల్లవయసులో చేరింది, వంటశాలలో పనిచేసింది, ఒక వానరోజు కంచె కింద నుంచి పాకి బయటపడింది. అక్క శ్రద్ధగా విన్నది.

"తర్వాత?"

"తర్వాత ఊరికి పోయింది. చదువుకుంది. పెండ్లి చేసుకుంది."

"ఆడ పాటలు ఉండెనా?"

"ఉండె. పొద్దున్నే పాడేవాళ్ళంట."

"ఆ పాటలు ఆమెకు గుర్తుకొస్తాయంటనా?"

నేను చివరి పేజీలు తిరగేశాను. ఆ సంగతి లేదు. లేదని చెప్పాను.

"రాయలేదు, అంతే," అంది అక్క. "రాకుండా ఉండవు."

ఇంకో పుస్తకం గురించి చెప్పినప్పుడు, "వాళ్ళ బాయి ఎట్లాంటిది?" అని అడిగింది. ఆ దేశంలో బావులుండవక్కా అన్నాను. జాలిగా చూసింది. ఆశ్రమం గురించి ఒక్క చెడ్డమాట ఆమె నోట రాలేదు. మా ఆఫీసులో ఎడిటరు, "మీ అక్క చేత చెప్పించి నాలుగు వారాలు రాయప్పా, పేపరు నిలబడుతుంది," అని వెంటపడేవాడు. ఆమె చెప్పేదంతా నీళ్ళ రుచి గురించి సార్, పేపరు నిలబడదు అన్నాను.

ఆ ఏడు భాద్రపదంలో వాన పడింది. చెరువులు నిండలేదు గానీ బావుల్లో ఊట కదిలింది. వాన వెలిసిన వారానికి, ఆశ్రమానికి పట్టా ముక్క ఇచ్చిన ఆ రిటైరైన రైల్వే భక్తుడు మా ఇంటికి వచ్చాడు. తెల్లబట్టలు, నుదుట విభూతి, మర్యాద మనిషి. అమ్మ ఇచ్చిన మజ్జిగ తాగి సంగతి చెప్పాడు. బావిలో నీళ్ళు ఊరాయి. పెద్దాయన దయ తలచాడు. చేద వెనక్కి రావచ్చు. వచ్చి, అందరి ముందూ లేచి, బావి ఎండింది తన అనుమానం వల్లనే అని ఒప్పుకోవాలి. అంతే.

"మరి ఆ ముసలామె అనుమానంతో ఎండిందన్నారు గదా?" అన్నాడు నాయన.

"ఆమెతో పాటు పోయిందంటే ఈమెలోనూ ఉన్నట్టే గదా."

"ఇద్దరు తాగినారంటావు. మా ఆడోళ్ళకు దాహం జాస్తిలే."

ఆయన ఆ మాట పట్టించుకోలేదు. అక్క వైపే చూస్తున్నాడు. అక్క ఊడ చుట్టడం ఆపింది.

"వస్తా," అంది.

అమ్మ అక్కడే కూలబడింది. ఆయన పోయినాక అమ్మ నా వైపు తిరిగి, "ఇన్ని బుక్కులు చదివినావు గదా, ఏదన్నా చెప్పరా దానికి," అంది. ఏ పుస్తకంలోనూ వెనక్కి పోయే మనిషి లేడు. ఉన్నా వాళ్ళు పుస్తకాలు రాయరు కదా. నాయనే చివరికి అన్నాడు.

"పోనీలే. కట్టేస్తే నిలబడేదానికి ఆవా? ఒరే, నువ్వు తోడు పో. గుట్ట ఎక్కించి రా."

నేను ఆఫీసుకు సెలవు పెట్టి, అక్కతో బస్సెక్కాను. దారి పొడుగునా చెనక్కాయ చేలు పచ్చగా ఉన్నాయి. అక్క ముఖం తేటగా ఉంది. పెళ్ళికి పోయేదానిలాగా ఉంది. ఆ తేటదనం చూస్తే నాకు అమ్మ గుర్తొచ్చింది. గుట్ట కింద దిగి, చెప్పులు విడిచి, నన్ను టీ అంగడి దగ్గరే ఉండమని, వెనక్కి చూడకుండా పైకి పోయింది. ఉంటుందో వస్తుందో చెప్పలేదు. నేనూ అడగలేదు.

అంగడాయన అడిగాడు. "ఏమప్పా, పైకి పోవా?"

"పోను."

"నేనూ ఇన్నేండ్లూ ఈడనే. పోయేవాళ్ళకు టీ పోస్తా, దిగేవాళ్ళకు టీ పోస్తా. పైకి పోతే పోసేదానికి ఎవరుంటారు?"

మధ్యాహ్నం పట్టా మోగింది. అంగడాయన టీ వడగట్టడం ఆపలేదు. నేను లేచి నిలబడి పైకి చూశాను. ఏమీ కనపడలేదు, బండలు తప్ప. ఇంక రాదనుకున్నాను. అమ్మతో ఏ మాట ముందు చెప్పాలా అని ఆలోచిస్తున్నాను. ఎండ వాలుతుండగా అక్క దిగి వచ్చింది. చీర కుచ్చిళ్ళు మోకాళ్ళ దాకా తడిసి ఉన్నాయి. చెప్పులు వేసుకుని బెంచీ మీద నా పక్కన కూర్చుంది. టీ ఇప్పించాను. సగం తాగినాక చెప్పింది.

"లేచి చెప్పినా. అనుమానం నాదే అన్నా."

"అట్లా ఎట్లా చెప్తావక్కా?"

"అబద్ధం కాదురా. తాడుకు ముడేసింది నేనే గదా. వాన లేక ఎండుతాందని ఆమెకంటే ముందు నాకు తెలుసు. ఆమె అడిగింది, నేను అడగలేదు. అంతే తేడా."

"వాళ్ళేమన్నారు?"

"సంతోషపడినారు. నా చేద తెచ్చి నాకిచ్చినారు. నా చోట్లో కూర్చోబెట్టినారు. పాడినాం." ఇంకో గుక్క తాగింది. "పాడినాక అడిగినా. సామీ, అనుమానం నాదైతే ఆమెది కాదు గదా, చేటను పిలిపించండి అని."

"ఏమన్నాడు?"

"ఆ లెక్కలు నీకెందుకు, నీ నీళ్ళు నువ్వు తోడుకో అన్నాడు."

అక్క మిగిలిన టీ తాగేసి గ్లాసు పక్కన పెట్టింది.

"నేను పోయింది దానికే. ఇద్దరమూ పోదామని. ఆమె ఈడ చెనక్కాయలు వలుచుకుంటా ఉంటే, నేను ఆడ కూర్చుని ఎట్లా పాడేది? నీళ్ళు తోడి అన్ని తొట్లూ నింపినా. చేద గట్టు మీద పెట్టినా. వస్తా అని చెప్పి దిగినా. ఈ తూరి గేటు వాళ్ళు వేయలేదురా. నేనే వేసి వచ్చినా."

ధర్మవరం బస్సు వచ్చింది. ఎక్కాం. గుట్ట కనపడినంతసేపూ అక్క మెడ తిప్పి చూస్తూనే ఉంది. కళ్ళు తుడుచుకోలేదు, నీళ్ళు కారుతుంటే కారనిచ్చింది. గుట్ట కనుమరుగయ్యాక కండక్టరు వచ్చాడు. నేను రెండు ధర్మవరం అనబోతుంటే అక్క అడ్డం వచ్చి ముసలామె ఊరి పేరు చెప్పింది.

ముసలామె తమ్ముడి ఇంట్లో ఉంటోంది. మేం పోయేసరికి వాకిట్లో గోనెపట్ట మీద కూర్చుని విత్తనం కాయలు వలుస్తోంది. అక్కను చూసి, చేతిలోని కాయ అట్లాగే పట్టుకుని నోరు తెరిచింది.

"చేదా!"

"నేనే, చేటా."

"పైకి పోయినావా?"

"పోయినా."

నేను కాస్త దూరంగా రోటి మీద కూర్చున్నాను. తననెందుకు పిలవలేదని అడుగుతుందనుకున్నాను. పెద్దాయన ఏమన్నాడని అడుగుతుందనుకున్నాను. తనను గుట్ట దింపినవాళ్ళను నాలుగు తిట్లు తిడుతుందని కూడా అనుకున్నాను. పేపరు పని నాకు అట్లా అనుకోవడమే నేర్పింది.

"బాయిలో నీళ్ళొచ్చినాయంటనా?" అని అడిగింది ముసలామె.

"వచ్చినాయి. నడిమి మెట్టు దాకా ఉండాయి. నాలుగు బారల తాడు చాలు."

"చల్లగుండాయా?"

"చల్లగుండాయి."

ముసలామె ముఖమంతా విచ్చుకుంది. "అబ్బ, పోనీ, మంచి పనాయ," అంది. రెండు చేతులూ జోడించి గుట్ట ఉన్న దిక్కుకు మొక్కింది. ఆ బావి వల్లనే ఆమెకు చోటు పోయింది. నీళ్ళు వచ్చినందుకు ఆమె కంటే సంతోషించినవాళ్ళు ఆ గుట్ట మీద కూడా ఉండరు. బావి పై మెట్టు మీద పావురాలు ఉన్నాయా అని అడిగింది. చీపురు నడుము నొప్పి ఎట్లా ఉందని అడిగింది. అక్క అన్నీ చెప్పింది. గోనెపట్ట మీద కూర్చుని తనూ కాయలు వలవడం మొదలుపెట్టింది.

ఆఖరి బస్సుకు వేళయింది. లేచి నిలబడ్డాను.

"నువ్వు పోరా," అంది అక్క. "రేపు పగటి బస్సుకు వస్తానని అమ్మతో చెప్పు."

నేను కదలకపోయేసరికి తలెత్తి చూసింది. "వస్తాను పో. మగ్గం మీద చీర సగంలో ఉండాది గదా."

ఆమె అన్నట్టే మర్నాడు వచ్చింది. మళ్ళీ ఆ గుట్ట ఎక్కలేదు. ఆమెను అక్కడ వదిలిన ఆ సాయంత్రం మాత్రం, నేను బస్సుకు పోతూ వీధి మలుపు తిరుగుతుండగా వెనక నుంచి పాట వినపడింది. గుట్ట మీది తెల్లవారుజాము పాట, పొద్దుగూకే వేళ, రెండు గొంతులతో, కాయలు చిట్లే చప్పుడు మధ్యన. ఎదురింటి ఆడవాళ్ళు గడపల్లోకి వచ్చి చూస్తున్నారు. మధ్యలో పాట ఆగింది.

"ఆడ అట్లా కాదు మే," అంటోంది ముసలామె. "గొంతు దించల్ల. దించి, మళ్ళీ ఎత్తల్ల."

"నేను ఈ పొద్దే పాడి వచ్చినా. వాళ్ళు దించడంలేదు ఇప్పుడు."

"వాళ్ళు మరిచిపోయింటారు. నువ్వు దించు."

అక్క దించి పాడింది.